నేత్రావతి టీచరు ఆపిన నాటకం

బెంగళూరు శివార్లలో సర్జాపుర దాటాక ఎత్తైన ప్రహరీగోడ ఒకటి వస్తుంది. లోపల తెల్లటి విల్లాలు, గేటు మీద ‘జేమ్స్‌టౌన్ గ్రీన్స్’ అని ఇంగ్లీషు అక్షరాలు. గోడ వెనక, పాత ఊరిలో మిగిలిన ఒకే ఒక్క సందులో నేత్రావతి టీచరు ఇల్లు. ఆ విల్లాలు లేచిన నేలలో ఆమె తండ్రి చిక్కమునియప్ప రాగులు, అనపకాయలు పండించేవాడు. నేల అమ్ముకున్నందుకు ఆమె ఎవరినీ తప్పుపట్టదు. ఆమెకు రోత పుట్టించేది గోడ కింది పైపు. విల్లాల మరుగునీళ్లన్నీ అందులోంచి సందు ముందున్న కాలువలోకి వచ్చి పడతాయి. వంట చేస్తున్నా, దీపం పెడుతున్నా ముక్కులో అదే కంపు. ఫిర్యాదు చేస్తే నురగ మీద కాస్త బ్లీచింగ్ పౌడరు చల్లి పోతారు.

ఇంట్లో తెలుగు, వీధిలో కన్నడ మాట్లాడుతూ పెరిగి, ఆ సందులో డిగ్రీ దాకా చదివిన మొదటి ఆడపిల్ల ఆమె. ఒక ప్రైవేటు బడిలో చరిత్ర చెప్పి రిటైరైంది. పెళ్లి మాటెత్తితే “కుదర్లేదప్పా, అంతే” అని నవ్వేసేది. సాయంత్రాలు సందులో పిల్లల్ని అరుగు మీద కూర్చోబెట్టుకుని చదివించేది.

పోయిన ఏడాది విల్లాల సంఘం కార్యదర్శి లలిత్ ఆమె ఇంటికి వచ్చాడు. గుంటూరు నుంచి వచ్చి సాఫ్ట్‌వేర్లో స్థిరపడినవాడు. జేబురుమాలు ముక్కుకు అడ్డం పెట్టుకునే మాట్లాడాడు.

“మేడమ్, మా యాన్యువల్ డేకి జేమ్స్‌టౌన్ హిస్టరీ మీద కిడ్స్ ప్లే వేయిద్దామని. మీరే డైరెక్ట్ చేయాలి.”

ఆ రుమాలు చూసి ఆమెకు ఒళ్లు మండింది. అయినా పిల్లల నాటకం అనేసరికి ఒప్పుకుంది.

అమెరికాలో ఇంగ్లీషువాళ్లు నిలదొక్కుకున్న తొలి ఊరు జేమ్స్‌టౌన్. నేత్రావతి దాని కథ చదవడం మొదలుపెట్టింది. ఓడలు దిగినవాళ్లకు సేద్యం మీద కన్నా బంగారం మీదే ధ్యాస. చిత్తడి నేలలో కోట కట్టుకుని, నదిలోని ఉప్పు నీళ్లు తాగి, రోగాలొచ్చి రాలిపోయారు. అక్కడి ఆదివాసులు మొక్కజొన్నలు ఇస్తే తిన్నారు, ఇవ్వకపోతే తుపాకులు చూపి పట్టుకుపోయారు. ఒక చలికాలం కోటలో చిక్కుకుని కుక్కల్ని, ఎలుకల్ని, బూట్ల తోలును, చివరికి చచ్చిపోయిన ఒక ఆడపిల్ల మాంసాన్ని తిన్నారు. అక్కడిదాకా చదివి ఆమె ముందున్న పళ్లేన్ని పక్కకు నెట్టేసింది. ఆకలి ఎంత పనైనా చేయిస్తుందిలే అని సర్దిచెప్పుకుంది. కానీ కొత్త ఓడల్లో తిండి దిగాక, ఎవరి నేల మీద కోట కట్టారో ఆ జనం పైర్లే నరికారు, ఇళ్లు కాల్చారు. వాళ్ల నాయకుడి పిల్లల్ని పడవలోంచి నదిలోకి విసిరి తుపాకులతో కాల్చారు. ఇక సర్దిచెప్పుకోవడానికి ఏమీ దొరకలేదు. పుస్తకం మూసి అవతల పడేసింది.

ఆ ఘోరాలు పిల్లల చేత ఆడించకుండా, ఒకరు పెట్టగా ఇంకొకరు తిని బతికిన సంగతే నాటకంగా రాసి తీసుకెళ్లింది. లలిత్ చదివి తల అడ్డంగా ఊపాడు.

“ఇంత సీరియస్‌గా వద్దు మేడమ్. ఒక విందు, ఒక డాన్స్, హ్యాపీ ఎండింగ్ చాలు. ట్రైబల్స్ రోల్స్‌కి మీ స్ట్రీట్ పిల్లల్ని తీసుకుందాం. వాళ్లకి మేకప్ కూడా పెద్దగా అక్కర్లేదు.”

అతను అది ఎగతాళిగా అనలేదు, ఖర్చు తగ్గే ఉపాయంలా చెప్పాడు. అదే ఆమెకు మరీ అసహ్యమనిపించింది. కాగితాలు లాక్కుని వచ్చేసింది. వాళ్లు ఒక డాన్సు మాస్టరును పెట్టుకున్నారు.

నాటకం రోజు ఆమె వెళ్లకూడదనే అనుకుంది. పక్కింటి పాపక్క వదల్లేదు. ఆమె ఆ విల్లాల్లోనే ఇంటిపని చేస్తుంది. “మా కూతురు రమ్య ఏసమేస్తాండాది, రా టీచరమ్మా” అని చెయ్యి పట్టి లాక్కెళ్లింది.

వేదిక మీద విల్లాల పిల్లలు టోపీలు పెట్టుకుని కుర్చీల్లో కూర్చున్నారు. సందు పిల్లలు మొహాలకు మసి, తలల్లో కోడి ఈకలతో వచ్చి, మొక్కజొన్న కంకుల బుట్టలు వాళ్ల కాళ్ల దగ్గర పెట్టి సాష్టాంగపడ్డారు. “ఈ నేలంతా మీదే దొరా” అని రమ్య మైకులో అంది. చప్పట్లు మోగాయి. ఫోన్లన్నీ పైకి లేచాయి. పాపక్క కూడా చప్పట్లు కొట్టబోయి, రెండు చేతులూ కొంగులో దాచుకుంది.

నేత్రావతి మెట్లెక్కి వేదిక మీదికి పోయింది. “లెయ్యండి. ఎవురి కాళ్లమీదా పడొద్దు” అంటూ పిల్లల్ని ఒక్కొక్కరినీ లేపింది.

“మేడమ్, ప్లీజ్! పేరెంట్స్ చూస్తున్నారు” అంటూ లలిత్ అడ్డం వచ్చాడు.

“చూడనీప్పా. నీకు సిగ్గులేకున్నా వాళ్లకన్నా ఉంటుందేమో.”

పిల్లల్ని వీధి కొళాయి దగ్గరికి తీసుకెళ్లి మొహాలు కడిగింది. మసి ఒక పట్టాన వదల్లేదు. రమ్య వెక్కి వెక్కి ఏడ్చింది. “బిర్యానీ, కేకు ఇస్తామన్నారు టీచర్. నీవల్లే పాయె.”

మరుసటి ఆదివారం నేత్రావతి బిర్యానీ వండి అందరినీ పిలిచింది. ఇద్దరే వచ్చారు. రమ్య రాలేదు. పాపక్కను విల్లాల్లో పని మాన్పించారు. “నువ్వు చేసింది సరే టీచరమ్మా, నా పని ఎవురు తెచ్చిస్తారు?” అని అడిగి, ఆ తరవాత మాటలు మానేసింది. నేత్రావతి తన పాత విద్యార్థులందరికీ ఫోన్లు చేసింది. చివరికి హొసకోటె వైపు ఒక హాస్టల్లో వంటపని కుదిరింది. రెండు బస్సులు మారి పోవాలి. పాపక్క ఇప్పుడు పలకరిస్తుంది గాని, ముక్తసరిగా.

బస్సుస్టాపుకు దగ్గరి దారి విల్లాల గేటు ముందునుంచే. నేత్రావతి మాత్రం ఆ గేటు కంట పడటమే రోతనిపించి, మోకాళ్లు నొప్పి పుడుతున్నా చుట్టూ తిరిగే పోతుంది.