నాన్న తియ్యని కోట తలుపు

డెబ్భైల్లో మేం చేసిన ఈ ప్రయాణం, రాయగడ రైల్వేలో పనిచేసే మా మావయ్య రాసిన కార్డు ముక్కతో మొదలైంది. "బావా, నువ్వు ఏసేనని సెప్పే రాజుల సినిమా ఇక్కడికొచ్చింది. ఆదివారం దాకే ఆడుద్ది. ఒచ్చి సూపించు, నమ్ముతాం." ఒరిస్సాలోని సునాబెడ ఫ్యాక్టరీలో ఫిట్టరైన మా నాన్న, కుర్రతనంలో మద్రాసు వెళ్లి ఆ సినిమాలో కోట కాపలావాడి వేషం వేశాడు. అందులో చిన్నరాజుని చంపడానికి అతని బాబాయి మనుషులు రాత్రివేళ వస్తారు. వాళ్లలో తన సొంత అన్న ఉండి బతిమాలినా కాపలావాడు తలుపు తియ్యడు. ఒకటే మాట అంటాడు: "నా రాజు నిద్రపోతున్నాడన్నా, మెల్లగా మాట్లాడు." ఆ డైలాగు వింటూనే పెరిగాను. అమ్మ వైపువాళ్లు మాత్రం అదంతా కోతలనేవారు. నాకు ఒళ్లు మండేది.

ఉదయం ఆరింటికి నాన్నా నేనూ బస్సెక్కి, కోరాపుట్‌లో మారి, లక్ష్మీపూర్ మీదుగా పన్నెండున్నరకి రాయగడలో దిగాం. ఇద్దరికీ కలిపి పది రూపాయల లోపే అయింది. లక్ష్మీపూర్‌లో బస్సు ఆగినప్పుడు నాన్న వడ ముట్టలేదు.

"ఏటి బాబూ, ఒంట్లో బాగోలేదా?" అన్నాడు హోటలాయన.

"సినిమాకెళ్తన్నాం," అన్నాడు నాన్న, పరీక్షకి వెళ్తున్నవాడిలా.

మ్యాట్నీకి మావయ్య నలుగురు స్నేహితుల్ని వెంటేసుకొచ్చాడు. కోట తలుపు సీను వచ్చింది. అన్న బయట నిలబడి పిలిచాడు. తెర మీద గీతలు పడి బొమ్మ ఎగిరింది. తర్వాత కనిపించింది గడియ బిగిస్తున్న చెయ్యి ఒక్కటే. ముఖమూ లేదు, మాటా లేదు. స్నేహితులు నవ్వారు. నాన్న తల వంచుకున్నాడు.

నేను మాత్రం ఆ చేతి వంకర చిటికెనవేలు చూశాను, అది నాన్నదే. లేచి నిలబడి, హాలంతా వినేలా, ఆ డైలాగు నేనే చెప్పేశాను.

ఆట అయ్యాక ఆపరేటర్ని అడిగాం. "ఊళ్లన్నీ తిరిగి ఇక్కడికొచ్చేతలికి రీలు అరిగిపోద్ది అమ్మీ. తెగిన ముక్క తీసీసి అతికించేసేం," అన్నాడు. మావయ్య, నాన్న చెయ్యి పట్టుకుని ఆ వేలు కాసేపు చూశాడు. బయట టీకొట్టులో, ఎవరూ అడక్కుండానే చెప్పాడు: "ఈయన మా బావ. అన్న పిలిసినా తలుపు తియ్యలేదు."

ఆ సాయంత్రం నాకు కలిగిన గర్వం ఇప్పటికీ తగ్గలేదు. రాజులూ కుట్రలూ ఎవరివైనా, ఆ తలుపు మాత్రం మా నాన్నది. ఇప్పుడు కోరాపుట్ నుంచి రాయగడకి రైలు కూడా ఉంది, కిటికీ పక్కన కూర్చుని వెళ్లండి. ఎక్కడైనా పాత సినిమా ఆడుతుంటే ఒంటరిగా మాత్రం చూడకండి. తెగిపోయిన మాట తెలిసినవాళ్లని ఒకరిని వెంట తీసుకెళ్లండి.