అమావాస్య నాడు పడిన తేదీ

కొత్త క్యాలెండరు చుట్ట విప్పగానే వచ్చే సిరా వాసన నాకు ఓబుళపతి గారిని గుర్తుకు తెస్తుంది. హిందూపురంలో నా ఆఫీసు గోడకు ఏటా క్యాలెండరు తగిలించేటప్పుడు ఒక నిమిషం అలాగే నిలబడిపోతాను. ఎదుటి పక్షం వకీలుగా పరిచయమై నాకు గురువైన మనిషి ఆయన. నా తప్పు చెప్పుకోకుండా ఆయన గురించి చెప్పడం కుదరదు.

తొంభైల చివర్లో పెనుకొండలో ఒక సీనియరు దగ్గర చేరాను. చదువు పొగరు దండిగా ఉండేది. ఒకరోజు ధర్మవరం నుంచి పట్టుచీరల షావుకారు ఒకాయన వచ్చాడు. నాగమ్మ అనే ఆమె నేసిచ్చిన చీరలకు ఆయనిచ్చిన చెక్కు చెల్లలేదు. ఆమె వకీలు నోటీసు ఇప్పించింది. "ఆయమ్మ మింద ఒక క్రిమినల్ కేసు పడితే తానే దోవకొస్తాది" అన్నాడాయన. రాసే పని నాకొచ్చింది. షావుకారు షెడ్డులో పనివాడు నేస్తుండగా నాగమ్మ వచ్చి, బ్లేడుతో మగ్గం మీది పడుగు దారాలు కోసి, రెండు చీరలు ఎత్తుకుపోయిందని రాశాను. ఎప్పుడని అడిగితే, "నోటీసు కన్నా ముందర ఏదో ఒక తేదీ వెయ్యమ్మా" అన్నాడు. వేశాను. పైగా నా రాతకు నేనే మురిసిపోయాను.

ధర్మవరం కోర్టులో నాగమ్మ ముద్దాయిగా నిలబడింది. ఆ చెక్కు దుడ్లు వస్తే తప్ప ఆమె మగ్గానికి పట్టు లేదు. జైలు భయంతో వాటినీ వదులుకోవడానికి సిద్ధపడిందట. ఆమె తరఫున ఓబుళపతి గారు లేచారు. పొట్టి మనిషి, వెలిసిపోయిన కోటు. గొంతు పెంచకుండా షావుకారును అడిగారు.

"ఆ దినం నీ మగ్గం ఎవరు నేస్తాండె?"

"మా పనోడు సార్. నేను కళ్లారా చూసినా."

ఆయన సంచిలోంచి పాత క్యాలెండరు తీశారు. "ఈ తేదీ కాడ నల్లగా ఉండేది ఏందప్పా?"

షావుకారు క్యాలెండరు మీదికి వంగి చూశాడు. అది అమావాస్య. ఆ రోజు అక్కడి నేతగాళ్లు మగ్గం ముట్టరు. మిరపకాయల మండీ వాళ్లింట్లో పుట్టిన నాకు ఆ సంగతే తెలియదు. బాకీ అడిగినందుకు కక్షతో పెట్టిన కేసని మేజిస్ట్రేటు కొట్టేశారు.

కోర్టు మెట్ల దగ్గర ఓబుళపతి గారు నన్ను ఆపారు. "ఆ ఫిర్యాదు రాసింది నువ్వేనా తల్లీ? రాత బాగుండాది. మగ్గం ఎప్పుడన్నా చూసినావా?"

"లేదు సార్."

"రా, చూపిస్తా."

తీసుకెళ్లింది నాగమ్మ ఇంటికే. మగ్గం ఖాళీగా ఉంది. ఉండబట్టలేక చెప్పేశాను. "అమ్మా, ఆ కేసు రాసింది నేనే."

"నాకు చదువు రాదు పాపా. కాగితం చదివిచ్చుకుంటే, నేను పడుగు కోసినానంట. దొంగ అన్నా ఓర్చుకుందును. పడుగు కోసే చేతులా ఇవి?" అని ఆమె అరచేతులు చాపింది. నాకు ఏడుపు ఆగలేదు. చివరికి ఆమే లేచి పళ్లెంలో బొరుగుల ఉగ్గాని పెట్టింది. "తిను. ఏడిస్తే ఏమొస్తాది?"

తిరిగి వస్తూ, అబద్ధపు ఫిర్యాదు చేసినందుకు షావుకారు మీద మనమూ ఒక కేసు పెడదామన్నాను ఉక్రోషంగా. ఓబుళపతి గారు నవ్వారు. "ఇప్పుడే ఒకటి రాసింటివి కదమ్మా, చాల్లేదా? ఆయమ్మకు కావాల్సింది పట్టు. ఆయప్ప జైలుకు పోతే మగ్గం ఆడదు."

నాగమ్మ తరఫున ఆయన వేసిన చెక్కు కేసులో రాజీ కుదిరి దుడ్లు వచ్చాయి. నాగమ్మ మళ్లీ మగ్గంలో కూర్చుంది. నేను ఓబుళపతి గారి దగ్గరే చేరి, ఏళ్లతరబడి హిందూపురం నుంచి ధర్మవరానికి రైల్లో తిరిగాను. ఆయన పోయాక కూడా ఆయన ముందు కూర్చున్నట్టే రాస్తాను.

మొన్న ఒకాయన, బాకీ అడిగిన తమ్ముడి మీద, తనను కొట్టాడని కేసు పెట్టాలంటూ వచ్చాడు. ఎప్పుడు కొట్టాడని అడిగాను. "ఏదో ఒక తేదీ వెయ్యండి మేడం" అన్నాడు. కలానికి మూత పెట్టేశాను. నాగమ్మ అరచేతులు చూశాక, ఆ పనికి నాకు చేతులు రావు.