246కూ 248కీ మధ్య

గని మూతి దగ్గర కిటికీలో కూర్చునే రాయమల్లును అందరూ బిళ్ళల రాయమల్లు అనే అంటారు. పదిహేనేళ్లు గని లోపల బొగ్గు నింపిన మనిషి. కాలు విరిగాక ఈ గదిలో కూర్చోబెట్టారు. గనిలోకి దిగేవాడికి వాడి నంబరున్న ఇత్తడి బిళ్ళ ఇవ్వాలి, పైకొచ్చాక తిరిగి తీసుకోవాలి. డ్యూటీకి రానివాళ్ల బిళ్ళలు గదిలోనే ఉంటాయి. మొత్తం మూడు వందల పన్నెండు.

రెండేళ్ల కింద వేలిముద్ర మిషన్ వచ్చింది. అప్పటి నుంచి పైకొచ్చినవాళ్లు బిళ్ళను పెట్టెలో విసిరేసి బస్సుకు పరుగెత్తడమే. రాయమల్లు మాత్రం షిఫ్టు ముగిశాక వాటిని వరుసగా పేర్చనిదే ఇంటికి కదిలేవాడు కాదు.

"మిషన్ల అంతా ఉన్నది గదనే కాకా. ఉత్తగ ఎందుకు పరేషాన్ అయితవ్?" అనేవాడు మిషన్ చూసుకునే గుమాస్తా నరేశ్.

"దానికి కరెంటే బువ్వ. బువ్వ లేకుంటె పంటది. నాకు రెండు జొన్నరొట్టెలు చాలు బిడ్డా."

మొదట్లో ఆయన కుప్పలోంచి అన్నిటికన్నా చిన్న నంబరు వెతికి తీసేవాడు, మిగిలినదాంట్లో మళ్లీ చిన్నది వెతికేవాడు. ఒక్కో బిళ్ళకూ కుప్పంతా కళ్లతో దువ్వాల్సిందే. గంటన్నర పట్టేది. విసుగొచ్చి కిటికీ చువ్వకు పది తీగలు వేలాడదీశాడు, సున్నా నుంచి తొమ్మిది దాకా. ముందు చివరి అంకె ఒక్కటే చూస్తాడు. 247 ఏడో తీగకు, 130 సున్నా తీగకు. తర్వాత తీగలను వరుసగా ఖాళీ చేస్తూ బిళ్ళలను ఒక చెక్క గాడిలో నిలబెడతాడు. అక్కడి నుంచి అదే వరుసలో తీసి, ఈసారి మధ్య అంకె చూసి తీగలకు ఎక్కిస్తాడు. మూడోసారి వందల అంకె. ఆ స్థానంలో అంకె లేని చిన్న నంబర్లు సున్నా తీగకే. ఏ రెండు బిళ్ళలనూ పక్కన పెట్టి పోల్చే పనే లేదు. మూడు విడతల్లో అన్నీ వరుసకొస్తాయి.

కరీంనగర్‌లో కంప్యూటర్ చదువు చదివే కూతురు స్పందన సెలవులకు వచ్చినప్పుడు ఒకనాడు టిఫిన్ డబ్బా తెచ్చి, అది చూసి అక్కడే నిలబడిపోయింది.

"బాపూ, గిది మాకు పరీక్షల వచ్చింది! రాడిక్స్ సార్ట్ అంటరు. నేను తప్పు రాసిన."

"ఏం రాసినవ్?"

"వందల అంకె నుంచి షురూ చేసిన."

"అరె, ఒక్కపారి నన్ను అడిగితె ఏంబోయె!" అన్నాడు రాయమల్లు. ఆ రోజంతా కిటికీ దగ్గరికి వచ్చిన ప్రతివాడికీ ఆ ఇంగ్లిష్ పేరు చెప్పాడు.

శ్రావణంలో ఒక మధ్యాహ్నం పిడుగు పడి మిషన్ మాడిపోయింది. మొదటి షిఫ్టువాళ్లు అప్పటికే బస్సులెక్కి వెళ్లిపోయారు, రెండో షిఫ్టువాళ్లు ఇంకా దిగలేదు. గని లోపలి పనులు చూసే ఓవర్‌మన్ గంగయ్య తడిసి ముద్దై వచ్చాడు.

"రాయమల్లన్నా, కిందికి నీళ్లు దిగుతున్నయి. ఎవరన్న మిగిలిండ్రా?"

పెట్టెలోవీ గదిలోవీ కలిపి రాయమల్లు, గంగయ్య, నరేశ్ ముగ్గురూ లెక్కపెట్టారు. మూడు వందల పదకొండు.

"ఒకటి తక్కువ. ఎవనిది?" అన్నాడు గంగయ్య. "గని రెండు మైళ్లున్నది. ఎవడో తెల్వకుంటె ఏ దిక్కుకని పోవాలె?"

రాయమల్లు అప్పటికే తీగల దగ్గర ఉన్నాడు. నరేశ్ సాయానికి వచ్చాడు. మొదటి విడత అయింది. రెండో విడతలో నరేశ్ తొందరపడి మూడో తీగ బిళ్ళలను పైనుంచి తీసేశాడు.

"ఆగు! ముందుగాల ఎక్కింది ముందుగాల దిగాలె. పైనుంచి ఎక్కియ్యాలె, కిందినుంచి తియ్యాలె. లేకుంటె ఇందాక చేసిందంత ఖరాబు."

నరేశ్ తీసిన బిళ్ళలను చేతిలో పట్టుకుని ఆయన వైపు చూశాడు.

"ఫికర్ చెయ్యకు. తలకిందులైంది, గంతే. తిప్పి పెట్టు."

పావుగంటలో మూడో విడత ముగిసింది. రాయమల్లు గాడి వెంట వేలు జరుపుతూ పోయాడు. 244, 245, 246, 248. వేలు ఆగింది.

"రెండు నలభై ఏడు. అంబదాస్. పంపు ఖలాసి."

పంపు దగ్గర ఒంటరిగా పనిచేసే మనిషి. పైకి రాలేదని చెప్పే తోడు లేడు. "పంపు మూడో లెవల్ల ఉన్నది!" అంటూ గంగయ్య నలుగురిని వెంటబెట్టుకుని దిగాడు.

రాయమల్లు 246కూ 248కీ మధ్య పెట్టిన వేలు తీయలేదు. నరేశ్ చాయ్ తెస్తే తల అడ్డంగా ఊపాడు.

నలభై నిమిషాలకు అంబదాస్‌ను స్ట్రెచర్ మీద పైకి తెచ్చారు. చీలమండ బెణికింది, నడుము దాకా తడిసిపోయాడు, మాట మాత్రం తగ్గలేదు.

"నా బిళ్ళ జేబుల్నే ఉన్నదన్నా. జమ చేసుకుంటవా, ఫైన్ ఏస్తవా?"

"నువ్వే పెట్టు."

స్ట్రెచర్ కిటికీ పక్కకు వచ్చింది. అంబదాస్ బిళ్ళను రాయమల్లు వేలు ఉన్న చోట దూర్చాడు. మిగతా వరుసలో ఒక్క బిళ్ళను కూడా కదపాల్సిన పని పడలేదు.

అప్పుడు వేలు తీశాడు రాయమల్లు. నరేశ్ మళ్లీ చాయ్ గ్లాసు ముందుకు జరిపాడు.

"చాయ్ తర్వాత. మొదాలు ఫోన్ ఇయ్యి," అన్నాడు. "నా బిడ్డకు చెప్పాలె."