అక్క పెన్‌డ్రైవ్‌లో తీసేసిన ఫైలు

పెన్‌డ్రైవ్ చేతికి రాగానే ముందు దాన్ని శుభ్రం చేయడం నాకు అలవాటు. ఉప్పల్‌లో కంప్యూటర్ రిపేరు దుకాణం పెట్టి పన్నెండేళ్లయింది. మా దగ్గరికి వచ్చే పెన్‌డ్రైవ్‌లన్నీ జిరాక్స్ షాపుల్లో తిరిగి వచ్చేవే. వైరస్ లేనిది నేను ఇంతవరకూ చూడలేదు. ఫొటోలు, కాగితాలు ఉంచి, నాకు తెలియని చిన్న ఫైళ్లు ఏవి కనిపించినా తీసేస్తాను. తర్వాత ఒక పెద్ద సినిమా ఎక్కించి, డ్రైవ్ సరిగ్గా పనిచేస్తోందో లేదో చూసుకుంటాను. ఎవరినీ అడగను. అడిగినా వాళ్లకేం తెలుసని నా పొగరు.

అక్క నాచారంలో ఉంటుంది. పోయిన ఏడాది ఆమె గొంతులో గడ్డ ఉందని తేలింది. స్వరపేటిక తీసేయాలన్నారు. ఆపరేషన్‌కు వారం ముందు అక్క తన మాటలు రికార్డు చేసి పెట్టుకుంది. బిడ్డను అన్నానికి పిలవడం, బావ మీద కేకలు వేయడం, కూరగాయల బండి దగ్గర బేరం, అన్నీ. అంతకుముందు ఆమె గొంతు ఎవరూ దాచలేదు. పెళ్లి వీడియో నిండా బ్యాండు మోతే. ఫోనులో కూడా ఆమె టైపు చేసేది తప్ప మాట పంపేది కాదు.

ఆ రికార్డులను ఫోనులో ఉంచకుండా, తన ఆఫీసులో ఇచ్చిన పెన్‌డ్రైవ్‌లోకి మార్చేసింది. ఆ డ్రైవ్‌తో పాటే వచ్చిన ప్రోగ్రాం ఒకటుంది. అది ఫైళ్లను కుదించి, ఒకే మూటగా కట్టి తాళం వేస్తుంది. ఆ ప్రోగ్రాంనూ డ్రైవ్‌నూ కలిపేది ఒక చిన్న డీఎల్ఎల్ ఫైలు. ఆ ఒక్క డ్రైవ్‌కే పనికొచ్చే తాళంచెవి అందులోనే ఉంటుంది. ఇదంతా నాకు తర్వాత తెలిసింది.

ఆపరేషనయిన రెండు నెలలకు అక్క దుకాణానికి వచ్చి డ్రైవ్ బల్ల మీద పెట్టింది. ఫోనులో టైపు చేసి చూపించింది: "తమ్మీ, ఇవి లాప్‌టాప్‌ల ఎక్కియ్యి. బిడ్డ ఇంటనంటున్నది."

"జర కూసో అక్కా, పది నిమిషాల పని" అన్నాను.

అక్క నా వెనక స్టూలు మీద కూర్చుని తెర వైపే చూస్తోంది. నేను ఎప్పటిలాగే తెలియని ఫైళ్లన్నీ ఎంచి తీసేశాను. బల్ల మీద రెండుసార్లు తట్టిన చప్పుడైంది. "ఒక్క నిమిషం" అన్నాను, తల తిప్పకుండా. సినిమా ఎక్కించాను. అప్పటికి అక్క టైపు చేయడం పూర్తయి ఫోను నా ముందుకు వచ్చింది: "అది తీస్తే ఎట్ల తెరుస్తవ్?"

ఆమెకు గొంతుంటే "ఆగురా" అనేది. ఆ ఒక్క మాటకు నా చెయ్యి ఆగిపోయేది.

వారం రోజులు తంటాలు పడ్డాను. తీసేసిన ఫైలు పేరు దొరికింది, లోపల మాత్రం దాని మీద నేను ఎక్కించిన సినిమా ముక్కలున్నాయి. అదే పేరుతో నెట్‌లో దొరికినవన్నీ పెట్టి చూశాను. ప్రోగ్రాం తెరుచుకునేది, మూట తెరుచుకునేది కాదు. డ్రైవ్ తయారు చేసినవాళ్లకు రాస్తే ఆ మోడల్ ఎప్పుడో ఆపేశామన్నారు. నాకు ఏడుపు రాలేదు. దుకాణం తెరిచాను, మూశాను, టైముకు తిన్నాను. బావ వచ్చి నాలుగు తిట్టినా బాగుండేది.

ఆదివారం పొద్దున నాచారం వెళ్లాను. "ఐతలేదక్కా" అని డ్రైవ్ ఇచ్చేశాను. అక్క దాన్ని తీసుకుని బల్ల మీద పెట్టింది. తర్వాత టైపు చేసింది: "పోనీ తీయ్. నా గొంతు ఎట్లుంటుండెనో బిడ్డకు నువ్వు జెప్పు. చిన్నప్పటి సంది ఇన్నోనివి."

ఐదేళ్ల మేనకోడలు వచ్చి నా ఎదురుగా కూర్చుంది.

"మస్తు గట్టిగ ఉంటుండె" అన్నాను. "మీ అమ్మ పిలిస్తే గల్లీ చివరిదాంక ఇనొస్తుండె."

"ఇంకా, మామా?"

వెతికాను. అక్క నన్ను పిలిచిన సందర్భాలు ఎన్నో గుర్తొచ్చాయి. బస్టాపు దగ్గర, దవాఖానాలో, నా పెళ్లిలో. అన్నింటిలోనూ ఆమె పెదవులు కదులుతున్నాయి. చప్పుడు లేదు. పిల్ల నా ముఖం చూస్తూనే ఉంది.

అక్క బల్ల మీద రెండుసార్లు తట్టింది. ఈసారి వెంటనే తిరిగాను. ఫోను నా వైపు పట్టుకుని ఉంది.

"నువ్వు గూడ మర్సిపోయినవా?"