హంతకుడెవరో చెప్పేసిన ఫాదర్

ఇప్పుడంటే ఏ దేశపు సీరియలైనా ఫోనులో తెలుగు మాట్లాడేస్తోంది గానీ, ఆ రోజుల్లో నేను చదువుకోడానికి వెళ్ళిన పాపకూర అనే విదేశీ ఊళ్ళో మా ఇంటి ఓనరు ఆంటీ చూసే సీరియల్‌కి తెలుగు నోరు నేనే. ఆంటీది ఫిజీ. తాతముత్తాతలు మన వైపు నుంచి అక్కడి చెరుకు తోటల పనికి వెళ్ళినవాళ్ళు. ఆవిడకి ఆప్ షాపులో (జనం వద్దని ఇచ్చేసిన సామాన్లు అమ్మే కొట్టులెండి) ఒక డీవీడీల పెట్టె దొరికింది. ఎప్పుడో యూరప్‌లో తీసిన నలుపు తెలుపు సీరియల్. అందులో ఓ లావుపాటి క్యాథలిక్ ఫాదర్ హత్యలు చేసినవాళ్ళని పట్టుకుంటూ ఉంటాడు. మాటలేమో జర్మన్. కింద వచ్చే ఇంగ్లీషు అక్షరాలు ఆంటీ చదివేలోపు పారిపోయేవి. అందుకని వెనక గదిలో అద్దెకున్న ముగ్గురు స్టూడెంట్లలో కాస్త గొంతున్న నన్ను కూర్చోబెట్టి, పప్పన్నం పెట్టి చెప్పించుకునేది. నేను ఊరుకుంటానా? మా అమలాపురం యాసంతా తీసుకెళ్ళి ఆ ఫాదర్ నోట్లో పెట్టాను. "ఆయ్, జమీందారు గారండీ, శవం పక్కన తవరి టోపీ ఎందుకుందండీ?" అని ఆయన అడుగుతుంటే ఆంటీ కళ్ళనీళ్ళు వచ్చేలా నవ్వేది.

ఆంటీ సోఫాలో, నేను కింద. పక్కనున్న వెనక్కి వాలే పెద్ద కుర్చీ మాత్రం ఖాళీ. అది అంకుల్‌ది. ఆయన పోయాక అందులో ఎవరినీ కూర్చోనిచ్చేది కాదు. (ఒకసారి దాని మీద తువ్వాలు ఆరేసిన పాపానికి రెండు పూటలు నా పప్పులో ఉప్పు లేదు.) ఆ చలికాలం తేమకి కుర్చీకి బూజు పట్టింది. మనవాళ్ళకి దేనికైనా ఒకటే మందు, ఎండ. పెరట్లో ఎండ రాదని, ఓ ఆదివారం పొద్దున్న మా చేత మోయించి ఇంటి ముందు రోడ్డు పక్కన గడ్డి మీద పెట్టించింది. ఆఖరి డీవీడీ దాని పక్క జేబులోనే ఉందని ఎవరికీ గుర్తులేదు. మిల్లు ఓనర్ని ఎవరు చంపారో తేలేది అందులోనే. ఇంతకీ అది కౌన్సిల్ (అక్కడి మునిసిపాలిటీ లెండి) లారీ వచ్చి పాత సామాను ఎత్తుకెళ్ళే వారం. వద్దనుకున్నవి అందరూ గడ్డి మీద పెడతారు, లారీ కంటే ముందే కావలసినవాళ్ళు పట్టుకుపోతారు. మా మంచాలూ, మైక్రోవేవూ అలా వచ్చినవే. అయినా ముగ్గురిలో ఒక్కడికీ బుర్ర వెలగలేదు. అన్నం తిని వచ్చేసరికి నలిగిన గడ్డి తప్ప ఏమీ లేదు.

ఆంటీ ఏడవలేదు. అన్నం మానేసింది. "ఆయన కుర్చీ పోగొట్టాను బేటా. ఇంక ఆయన ఎక్కడ కూర్చుంటాడు?" అంది. నా ప్రాణం ఉసూరుమంది. ఎలాగైనా తెచ్చి తీరాలనుకున్నాను. నాకు తెలిసిన పద్ధతి ఒకటే. సీరియల్లో ఫాదర్ పరిగెత్తడు, అరవడు. అనుమానం ఉన్నవాడికి టీ పోసి, ఎదురుగా కూర్చుని, దయగా చూస్తూ ఊరుకుంటాడు. వాడే కక్కేస్తాడు. పైగా హంతకుడు ఎప్పుడూ ఇంట్లోవాడే! ముందు మేం వరంగల్ అని పిలిచేవాణ్ణి కూర్చోబెట్టి, టీ పోసి, దయగా చూశాను. "అన్నా, గట్ల జూడకే. ఆంటీ బీట్‌రూట్ కూర నేను తింటలేను. గులాబీ చెట్టు కింద పాతిపెడుతున్న" అన్నాడు. తర్వాత కడప. వాడి టీ సగం కూడా అవలేదు. "నీ షాంపూ వాడేది నేనే రా! అయిపోతాంటే నీళ్ళు కలుపుతాండా" అని భోరుమన్నాడు. ఆఖరికి ఆంటీయే వచ్చి కూర్చుని, టీ అందుకుని, "రోడ్డు మీద పెట్టించింది నేనే కదా" అని ఒప్పేసుకుంది. నేరాలు బోలెడు బయటపడ్డాయి గానీ కుర్చీ జాడ లేదు. అప్పుడు కిటికీలోంచి చూస్తే, ఎదురింటి ముందున్న సోఫాని ఎవరో ట్రైలర్‌లోకి ఎక్కించుకుంటున్నారు. అప్పటికి వెలిగింది.

ఆంటీ వెంటనే కారు తీసింది. వీధులన్నీ తిరిగాం. చర్చి పక్కనున్న ఇంటి ముందు ఒక్కసారిగా బ్రేకు తొక్కింది. తెరిచిన కిటికీలోంచి మా సీరియల్ సంగీతం వినిపిస్తోంది! వెళ్ళి తలుపు కొడితే "కమిన్" అని కేక. లోపల అంకుల్ కుర్చీలో వెనక్కి వాలి, పొట్ట మీద బిస్కెట్ల ప్లేటు పెట్టుకుని, ఓ లావుపాటి క్యాథలిక్ ఫాదర్ టీవీ చూస్తున్నారు. టీవీలోనూ లావుపాటి ఫాదరే. ఇద్దరిలో ఎవరిని పట్టుకోవాలో నాకు కాసేపు తోచలేదు. అలవాటు కొద్దీ దయగా చూశాను.

"ఇది మావారి కుర్చీ" అంది ఆంటీ సన్నగా, నా వైపు తిరిగి. తెలుగు చెవిన పడగానే ఆయన బిస్కెట్లతో సహా లేచారు. కొత్తగా వచ్చారట, గుంటూరు వైపు మనిషి. "అయ్యో తల్లీ! గడ్డి మీద ఉంటే అందరిలాగే తెచ్చుకున్నానమ్మా. నేను దొంగని కాదు. అసలు దొంగ ఆ పియానో మాస్టారు, మిల్లు ఓనర్ని చంపింది కూడా ఆయనే!" కంగారులో అదీ చెప్పేశారు.

"కుర్చీకైతే క్షమించాను ఫాదర్. రెండోదానికి దేవుడు కూడా క్షమించడు" అంది ఆంటీ. అని నవ్వింది. నవ్వుతూనే ఏడ్చింది. ఏడుస్తూనే కుర్చీ చెయ్యి తడిమి చూసి, "కూర్చోండి. ఖాళీగా ఉంచబట్టే బూజు పట్టింది. మనిషి కూర్చుంటే పట్టదు" అంది.

చర్చి వ్యాన్‌లో కుర్చీ ఇంటికొచ్చింది. ఆ తర్వాత ప్రతి శనివారం ఫాదర్ కూడా వచ్చి అందులోనే కూర్చుని, నా డబ్బింగులో తప్పులు పట్టేవారు. ("బైబిల్లో అలా లేదు నాయనా!")

తర్వాత ఆంటీ కూతురి దగ్గరికి ఆస్ట్రేలియా వెళ్ళిపోతూ కుర్చీ నాకిచ్చింది. ఇప్పుడది హాబ్సన్‌విల్‌లో మా ఇంట్లో ఉంది. మా పెరట్లోనూ ఎండ రాదు. అందుకని రోడ్డు పక్కనే పెట్టి, ఎవరూ పట్టుకుపోకుండా టీ కప్పుతో నేనే అందులో కూర్చుంటాను. మా అమ్మాయి గుమ్మంలోంచి "నాన్నా, ఎవ్రీవన్ ఈజ్ లుకింగ్!" అని సిగ్గుతో చచ్చిపోతుంది. మొన్న ఒకాయన కారు ఆపి, కుర్చీ ఇచ్చేస్తున్నావా అని అడిగాడు. నేను దయగా చూస్తూ ఊరుకున్నాను. కారు మళ్ళీ స్టార్ట్ చేస్తూ, "సారీ మేట్, మూలింటి ముందు సైకిల్ తీసుకుంది కూడా నేనే" అని వెళ్ళిపోయాడు. ఆ సంగతి ఆంటీకి ఫోన్ చేసి అమలాపురం యాసలో చెబితే పడీపడీ నవ్వింది. నవ్వు ఆగాక, "కుర్చీ ఖాళీగా ఉంచట్లేదు కదా బేటా?" అంది.

"లేదాంటీ, కూర్చునే మాట్లాడుతున్నాను" అన్నాను.