ఐస్ ఫ్యాక్టరీలో ఇంకా మావయ్య

మావయ్యకి ఒకే ఒక్క జబ్బు. 'లేదు' అన్న మాట ఒంటరిగా వినిపిస్తే తట్టుకోలేడు. దాని ముందు 'ఇంకా' అని తగిలిస్తే తప్ప ఆయనకి అన్నం సయించదు. సినిమా ఆడలేదంటే "ఇంకా ఆడలేదు" అంటాడు. కరెంటు రాలేదంటే "ఇంకా రాలేదు" అంటాడు. ఇంతవరకూ బాగానే ఉంది. మొన్నామధ్య డాక్టరుగారు రక్తపరీక్ష కాగితం చూసి, "మీకు షుగర్ లేదండీ, అదృష్టవంతులు" అంటే, "ఇంకా లేదు" అన్నాడు. స్నేహితుడి పెళ్ళిరోజున ఆ ఇల్లాలు ముచ్చటపడి, "ఇన్నేళ్ళలో మా ఆయన నన్ను పల్లెత్తు మాట అనలేదు అన్నయ్యగారూ" అంటే, "ఇంకా అనలేదు" అన్నాడు. ఆ ఇంట్లో మళ్ళీ ఆయనకి కాఫీ పుట్టలేదు.

అందుకే సినిమావాళ్ళంతా ఆయన్ని ముఖం ముందు 'ఇంకాగారు' అంటారు. చాటున కూడా అదే అంటారు. ఒక్క మేనకోడలికి మాత్రం 'ఇంకా మావయ్య'. ఆ అమ్మాయి ఆయన సినిమా కంపెనీలోనే ఎడిటరు. కన్నవాళ్ళు పెట్టిన పేరు ఎంచక్కా ఉన్నా, మావయ్య ఆమెను 'కత్తెరా' అని తప్ప పిలిచి ఎరగడు. పిలవగా పిలవగా ఆ పేరే స్థిరపడింది.

అసలు కంపెనీ పుట్టిందే ఒక 'లేదు' మీద. కుర్రతనంలో మావయ్య సినిమా తీస్తానని వెళితే, పెద్ద స్టూడియోవాళ్ళు ఆయన చెప్పులకేసి చూసి, "షూటింగుకి ఫ్లోరు ఖాళీ లేదు" అన్నారు. "ఇంకా ఖాళీ లేదు" అని సవరించి, లేచి వచ్చి, మూతబడ్డ ఐస్ ఫ్యాక్టరీ ఒకటి అద్దెకు పట్టాడు. గోడలు మూరెడు మందం. కిటికీలు లేవు. బయట లారీ హారను మోగినా లోపలికి వినిపించదు. "ఇంతకంటే స్టూడియో ఎక్కడ దొరుకుతుంది?" అన్నాడు. మిషన్లు ఎప్పుడో తీసుకుపోయారు గానీ, గోడల్లోని చలి మాత్రం ఖాళీ చెయ్యలేదు. నేల ఎప్పుడూ చెమ్మే. అక్కడ తీసిన మొదటి సినిమాలో హీరోయిన్ తన ప్రేమ సంగతి చెబుతూ వణికిన తీరు చూసి పత్రికలవాళ్ళు, "ఏం నటన, ఏం నటన!" అని రాశారు. పాపం ఆ పిల్లకి ఒళ్ళు కాలిపోయే జ్వరం.

విడుదలకి ముందు ఆ సినిమా చూడటానికి పంపిణీదారులు వచ్చారు. టీలు తాగారు, బిస్కెట్లు తిన్నారు, ముక్కులు తుడుచుకున్నారు. "కొనాలని అనిపించడం లేదండీ" అన్నారు. "ఇంకా అనిపించడం లేదు" అని మావయ్య వాళ్ళను మర్యాదగా సాగనంపాడు. సాగనంపి, ఒక డొక్కు వ్యాను కొని, రీళ్ళ డబ్బాలు అందులో పడేసుకుని, ఊరూరా తానే తిరిగి హాళ్ళవాళ్ళకి సినిమా ఇచ్చుకున్నాడు. అలా సినిమాలు తియ్యడానికి పుట్టిన కంపెనీకి పంపిణీ కూడా అంటుకుంది. ఎవరూ గుమ్మం ఎక్కనివ్వని చిన్న దర్శకులంతా ఆ తర్వాత ఆ వ్యానునే పట్టుకున్నారు.

ఒకసారి ఫ్యాక్టరీ చెమ్మకి డబ్బాల మీద అంటించిన నంబర్లన్నీ ఊడిపోయాయి. ఊడినవాటిని అత్తయ్య ఏరి, ఏ డబ్బాకి ఏది బాగా నప్పితే అది అంటించింది. మర్నాడు హాలు ఓనరు ఫోను చేశాడు.

"ఇంకాగారూ, హీరో ఇంటర్వెల్‌కి చచ్చిపోయాడండీ."

"చివర్లో కదా చావాలి!"

"చచ్చిపోయి, ఇంటర్వెల్ తర్వాత పెళ్ళి చేసుకున్నాడండీ."

"జనం కుర్చీలు విరిచారా?"

"లేదండీ, చప్పట్లు కొట్టారు. అది కలా నిజమా అని బయట ఒకటే వాదనలు. తేల్చుకోవడానికి మళ్ళీ టిక్కెట్లు కొంటున్నారు."

"అయితే అదే వరస ఉంచండి" అన్నాడు మావయ్య. ఆ దర్శకుడు లబోదిబోమంటూ పరిగెత్తుకొచ్చాడు. జనం తనని మేధావి అంటున్నారని దారిలో తెలిసి, ఫ్యాక్టరీ చేరేసరికి ఏడుపు మానేశాడు.

ఇంట్లో అత్తయ్య ఈ 'ఇంకా' జబ్బుకి తనదైన వైద్యం చేసి చూసింది. "వంట అయిందా?" అంటే, "ఇంకా లేదండీ" అంది. గంట పోయాక, "మొదలన్నా పెట్టావా?" అంటే, "ఇంకా లేదండీ" అంది. "అసలు చేసే ఉద్దేశం ఉందా లేదా?" అంటే, "ఇంకా లేదండీ" అంది. ఆ పూట మావయ్యే పొయ్యి వెలిగించుకున్నాడు. అయినా జబ్బు నయం కాలేదు. ఆయన లెక్కలో, ఇంకా కాలేదు.

కాలం మారింది. రీళ్ళు పోయి హార్డ్ డిస్కులు వచ్చాయి. ఐస్ ఫ్యాక్టరీలో కూర్చుని ఊరందరి సినిమాలూ కత్తిరిస్తున్న కత్తెరకి, తానే ఒక సినిమా తియ్యాలని బుద్ధి పుట్టింది. "తియ్యవే" అన్నాడు మావయ్య. కథ కూడా అడగలేదు. తీసింది. ఇద్దరు అక్కాచెల్లెళ్ళు ఒకే లాండ్రీ కొట్టు నడుపుతుంటారు. ఇద్దరికీ ఏళ్ళ తరబడి మాటల్లేవు. చెప్పుకోవలసిందంతా బట్టలు తెచ్చినవాళ్ళ నోటితో చెప్పిస్తారు. "ఏమండీ, ఆవిణ్ణి ఇస్త్రీపెట్టె ఇటు ఇమ్మనండి." "తీసుకోమనండి, అక్కడే ఏడిచింది." ఇదీ వరస.

ఆ సినిమా ఒకే ఒక్క హాల్లో, శుక్రవారం పొద్దున విడుదలయింది. సాయంత్రానికి తీసేశారు.

కత్తెర ఫ్యాక్టరీకి వచ్చి మావయ్య ఎదుట నిలబడింది. "మావయ్యా, నా సినిమా ఆడలేదు."

"ఇంకా ఆడలేదు."

"ఆ మాట నా దగ్గర అనకండి! ఇరవై మందితో అంటుంటే విన్నాను. నాకు నిజం కావాలి. సినిమా బాగుందా, బాగాలేదా?"

మావయ్య చెవి గోక్కున్నాడు. ఆకాశంకేసి చూడబోతే పైకప్పు అడ్డం వచ్చింది. "వ్యాను టైరులో గాలి తగ్గినట్టుందే, చూసొస్తాను" అని జారుకున్నాడు. ప్రివ్యూ రోజున కూడా అంతే. లైట్లు ఆరగానే టైరు చూసొస్తానని వెళ్ళినవాడు, అందరూ చెప్పులు వేసుకునే వేళకి తిరిగొచ్చాడు. ఆ వ్యాను టైర్లంత శ్రద్ధగా ఆయన తన సినిమాని చూడలేదని కత్తెరకి ఏడుపొచ్చింది. తర్వాత ఎప్పుడో చూసే ఉంటాడని, బాగాలేదు కాబట్టే నోరు విప్పడం లేదని తీర్మానించేసుకుంది. సబ్బుల ప్రకటనలు తీసే కంపెనీ ఒకటి ఆమెను ఉద్యోగంలోకి రమ్మని ఎన్నాళ్ళుగానో పిలుస్తోంది. సోమవారం చెబుతానని వాళ్ళకి కబురు పెట్టింది. బాగాలేకపోతే మానేస్తుంది, మళ్ళీ సినిమా జోలికి రాదు. అదీ ఆమె పట్టుదల. మావయ్య పోలికే.

ఆ శనివారం ఒక పెద్ద కంపెనీ మనిషి కోటు వేసుకుని వచ్చాడు. ఫోన్లలో చూపించడానికి పాత సినిమాలు కొంటారట. పక్క గదిలో కత్తెర పని చేసుకుంటోంది. చెమ్మకి ఉబ్బిన తలుపు ఏనాడూ పూర్తిగా పడదు కాబట్టి మాటలన్నీ వినపడుతున్నాయి.

"ఇదెలా ఉంటుందండీ?"

"తీసుకోకు బాబూ. ఆడదు."

"ఇదో?"

"ఇది అస్సలు ఆడదు. అదుగో, ఆ మూలది తీసుకో, ఆడుతుంది. దాని పక్కదాన్ని ముట్టుకోకు."

కత్తెర చేతిలో మౌసు ఆగిపోయింది. పుట్టి బుద్ధెరిగాక మావయ్య నోట 'ఆడదు' అని వినడం ఇదే మొదలు.

కోటాయన కూడా తెల్లబోయాడు. "మీరు ఏ సినిమానైనా 'ఇంకా ఆడలేదు' అంటారని విన్నానే!"

"ఏది ఆడుతుందో ఏది ఆడదో నాకు మొదటి పది నిమిషాల్లో తెలిసిపోతుంది బాబూ. ఆడదని చెప్పాల్సింది కొనేవాడికి. తీసినవాడికి చెబితే వాడు రెండోది తియ్యడు. నువ్వు కొంటానన్న ఆ మూల సినిమా ఉంది చూడు, అది తీసినవాడి మూడోది. మొదటి రెండూ చూస్తే నువ్వు ఈ గుమ్మం తొక్కవు."

"మరి మీ మేనకోడలుగారిదో?"

మావయ్య కుర్చీ కిర్రుమంది.

"అది నేను చూడలేదు."

"చూడకుండా విడుదల ఎలా చేశారండీ?"

"కళ్ళు మూసుకుని చేశాను. ఏం చెయ్యను? బయటివాళ్ళకైతే బాగాలేకపోయినా 'ఇంకా' అని చెప్పి పంపేస్తాను. దాన్ని ఈ చేతుల మీద ఎత్తుకు తిప్పాను. అది నా ముఖం చూస్తే చాలు, అబద్ధం పట్టేస్తుంది. బాగాలేదని నాకు తెలిసిందంటే దానికీ తెలిసిపోతుంది. అందుకని చూడలేదు. చూడకుండా అన్న 'ఇంకా' అబద్ధం కాదు కదా!"

కత్తెరకి ముందు కోపం వచ్చింది, తర్వాత నవ్వు వచ్చింది, ఆ తర్వాత మావయ్య మీద ఇంత ప్రేమ వచ్చింది. మూడూ కలిసి వచ్చేసరికి తలుపు తన్ని బయటికి వచ్చింది.

"లేవండి. చూద్దురుగాని."

"టైరు..."

"టైరు సంగతి అత్తయ్య చూసుకుంటుంది. లేవండి మావయ్యా! నేను అబద్ధం పట్టేస్తానని మీరే అన్నారుగా. పట్టనివ్వండి."

ఒకప్పుడు ఐస్ దిమ్మలు నిలవ చేసిన గదిలోనే కంపెనీవాళ్ళు సినిమాలు వేసుకుని చూస్తారు. కోటాయన్ని మళ్ళీ రమ్మని పంపేసి, మావయ్య దుప్పటి కప్పుకుని, పరీక్ష రాసే పిల్లాడి ముఖం పెట్టుకుని కూర్చున్నాడు. అత్తయ్య కూడా వచ్చి కూర్చుంది. కత్తెర తెరకేసి చూడలేదు, మావయ్యకేసే చూసింది. ఇస్త్రీపెట్టె దగ్గర ఆయన నవ్వాడు. తర్వాత దుప్పటి జారిపోయినా చూసుకోలేదు. మధ్యలో ఒకచోట మాత్రం కాలు ఊపడం మొదలుపెట్టాడు.

లైట్లు వెలిగాయి. "బంగారంలా ఉందే" అంది అత్తయ్య. అత్తయ్యకి అన్నీ బంగారమే కాబట్టి ఆ మాట ఎవరూ లెక్కలోకి తీసుకోలేదు.

"బాగుంది" అన్నాడు మావయ్య. "కానీ ఆ దండెం మీద బట్టలు ఆరేసే షాటు ఉంది చూడు, అది తీసెయ్."

"అది నా ప్రాణం మావయ్యా! ఎంత ఎండ కోసం కాసుకుని తీశానో!"

"ప్రాణమేనే. బట్టలు ఎప్పుడో ఆరిపోయాయి, నీ షాటే ఇంకా ఆరలేదు. అక్కడే జనం లేచిపోయి ఉంటారు."

కత్తెర ఆయన ముఖంకేసి తేరిపార చూసింది. అబద్ధం ఎక్కడా లేదు. ఇరవై మంది విన్న 'ఇంకా' కాదు ఇది. పని తెలిసిన మనిషి ఎడిటరుకి చెప్పే మాట. ఇన్నాళ్ళూ తనకు కావలసింది ఇదే. ఊరందరి ముద్దు షాట్లూ కనికరం లేకుండా కోసినదానికి తన షాటు దగ్గర చెయ్యి ఆడలేదని తెలిసి సిగ్గుపడింది. వెళ్ళి కంప్యూటరు ముందు కూర్చుంది. ఆదివారం సాయంత్రానికి ఆ దండెం తెగింది. సోమవారం సబ్బులవాళ్ళకి రాలేనని చెప్పేసింది.

మావయ్య హాలు ఓనరుకి ఫోను చేశాడు. కత్తెర పక్కనే నిలబడి వింటోంది.

"మళ్ళీ అదేనా ఇంకాగారూ? మొన్న ఆడలేదు కదండీ."

"ఆడలేదు" అన్నాడు మావయ్య. "సాగదీశాం కాబట్టి ఆడలేదు. కోసేశాం. ఇప్పుడు బాగుంది."

అవతల ఏదో కింద పడిన చప్పుడయింది.

"ఏమన్నారూ?" అన్నాడు హాలు ఓనరు. "మళ్ళీ అనండి."

"ఆడలేదు అన్నాను."

"ఉత్త 'ఆడలేదు'? ముందు ఏమీ లేకుండా?" ఆయన గొంతు మారిపోయింది. "ఒంట్లో బాగానే ఉందా మీకు? ఇన్నేళ్ళుగా మీ నోట ఆ మాట వినలేదు. మీరే ఒప్పుకుని, మీరే బాగుందంటున్నారంటే నిజంగా బాగుండే ఉంటుంది. పంపించండి, శుక్రవారం వేస్తాను."

శుక్రవారం పొద్దుటాటకి హాలు సగం నిండింది. కత్తెర, మావయ్య, అత్తయ్య టిక్కెట్ల కిటికీ పక్కన స్తంభం వెనక నక్కి నిలబడ్డారు. లోపలినుంచి నవ్వులు వినిపిస్తుంటే మావయ్య ఒకటి రెండుసార్లు వ్యానుకేసి నడవబోయాడు. అత్తయ్య చొక్కా పట్టుకుని ఆపింది.

ఆట వదిలారు. ఒక నడివయసు ఆవిడ అందరికంటే ముందు బయటికి వచ్చి, ముక్కు చీదుకుని, నేరుగా కిటికీ దగ్గరికి వెళ్ళింది.

"రేపటికి రెండు ఇవ్వండి. పక్కపక్కన వద్దు. మధ్యలో ఒక సీటు వదిలి ఇవ్వండి."

"అదేంటమ్మా?" అన్నాడు లోపలాయన.

"ఒకటి నాకు, ఒకటి మా అక్కకి. టిక్కెట్టు పనిమనిషి చేత పంపిస్తాను. మేమిద్దరం మాట్లాడుకోవడం లేదు."

మావయ్య నోరు తెరిచేలోగా, స్తంభం వెనకనుంచి కత్తెర గట్టిగా అనేసింది.

"ఇంకా!"

ఆవిడ ఉలిక్కిపడి ఇటు చూసింది. అత్తయ్య నెత్తి కొట్టుకుంది.

"ఒక్కరితోనే వేగలేక చస్తుంటే, రెండోది కూడా తయారయింది" అంటూ వ్యాను తాళాలు తీసుకుని ముందుకు నడిచింది.