లుపె కట్ చెప్పని షాట్

ఆపియా పట్నంలో పెళ్లి వీడియోలు కత్తిరిస్తూ ఎడిటింగ్‌లోకి దిగింది లుపె. నేర్పినవాళ్లు లేరు. పాడుచేసి, మళ్లీ అతికించి నేర్చుకుంది. తర్వాత సినిమాలొచ్చాయి. ఎవరి సినిమా కోస్తున్నా ఆమె తిట్టు ఒకటే: "మాట అయిందో లేదో కట్ అనేస్తాడేంటి ఈ డైరెక్టరు! మనిషి మొహం పలికేది ఆ తర్వాతే కదా!"

ఇప్పుడు డైరెక్టరు ఆమే. సవాయీ దీవిలో తొలి సినిమా, ఆఖరి రోజు, ఆఖరి సీను. భార్యను పోగొట్టుకున్న జాలరి ఇంటికొచ్చి, ఆమె ఖాళీ చాప పక్కన కూర్చుని "వచ్చేశానే" అనాలి. ఆ వేషం తవిటా తాతది. నిజంగానే జాలరి. రేపు వేటకు పోయాడంటే మళ్లీ ఎప్పుడొస్తాడో తెలీదు. పొద్దు వాలుతోంది. సాయంత్రం ప్రార్థన శంఖం ఊదారంటే ఊళ్లో ఎక్కడివాళ్లక్కడ కూర్చోవాల్సిందే. కేకలు వెయ్యకూడదు.

"వచ్చేశానే" అన్నాడు తాత. లుపెకి ఒళ్లు జలదరించింది. కోత ఎక్కడ పడాలో కళ్లకు కట్టేసింది. "కట్!" అని అరిచింది.

చాప మీదికి వెళుతున్న తాత చెయ్యి మధ్యలోనే ఆగిపోయింది.

కెమెరా వెనక పెనీ పగలబడి నవ్వాడు. "అక్కా, ఎవరో డైరెక్టర్ని తిట్టేదానివి కదా? ఆయన పేరేంటి?"

"నోర్ముయ్యరా! మళ్లీ పెట్టు, వెలుగు పోతోంది!"

"ఈసారైనా నన్ను కుదురుగా కూర్చోనివ్వవే పిల్లా," అన్నాడు తాత.

రెండోసారి లుపె తన లుంగీ అంచు నోట్లో కుక్కుకుంది. తాత వచ్చాడు, కూర్చున్నాడు, "వచ్చేశానే" అన్నాడు. చాప తడిమాడు. సరిగ్గా అప్పుడే శంఖం మోగింది.

అయిపోయింది, షాట్ పాడైపోయింది అనుకుంది లుపె. ఆపనా అన్నట్టు చూశాడు పెనీ. ఆమె కదల్లేదు.

తాత టోపీ తీశాడు. చాప సరిచేసి, భార్య కూర్చోవడానికి చోటిచ్చినట్టు కాస్త పక్కకు జరిగాడు. ప్రార్థన పాట ఎత్తుకున్నాడు. ఆడగొంతు అందుకోవాల్సిన చోట ఆగి, ఎదురుచూశాడు. ఇదేదీ రాసుకున్నది కాదు! పక్కింటి ఆడవాళ్లకు ఆ పాట వినబడింది. తాత వదిలేసిన చరణం అటునుంచి తేలుతూ వచ్చింది. తాత తల ఆ వైపు తిరిగింది.

 కోత ఎక్కడ పడాలో ఈసారి ఎంత వెతికినా లుపెకి కనబడలేదు.

ప్రార్థన ముగిసి, మళ్లీ శంఖం ఊదాకే కెమెరా ఆగింది. తాత టోపీ పెట్టుకుంటూ, "ఇది కూడా కత్తిరిస్తావా?" అన్నాడు.

లుపె నోట్లోంచి గుడ్డ లాగేసి ఎగిరి గంతేసింది. "ఒక్క ముక్క ముట్టుకోను తాతా!"